ఎనిమిది నిమిషాల గీత

1880లో ఫ్రాన్స్‌లో జెలినో అనే వైద్యుడు తన దగ్గరికొచ్చిన ఒక రోగి గురించి రాశాడు. వైన్ పీపాలు అమ్ముకునే వ్యాపారి, వయసు 38. భోంచేస్తూ, మాట్లాడుతూ, బేరమాడుతూ నిద్రలోకి జారిపోయేవాడు. రోజుకు 200 సార్లదాకా ఇదే వరస. నవ్వొచ్చినా, మంచి బేరం కుదిరినా కాళ్లలో సత్తువ పోయేది. జెలినో ఈ జబ్బుకు నార్కోలెప్సీ అని పేరు పెట్టాడు, ఆ పేరు నిలిచిపోయింది. నిలవదా మరి! నలుగురి మధ్య నిలువునా కూలిపోయేవాణ్ని పట్టుకుని సోమరి అనడం కష్టం. చిక్కంతా అలా కూలిపోనివాళ్లతోనే. రాత్రి పది, పన్నెండు గంటలు పడుకున్నా తెల్లారి లేవలేరు. లేచినా మధ్యాహ్నం దాకా తల దిమ్ము వదలదు. పగలు మళ్లీ రెండు మూడు గంటలు పడుకున్నా ఆ నిద్ర వాళ్లకు తేలికనివ్వదు. ఇంట్లో వీళ్లకు దక్కేది కుంభకర్ణుడనే బిరుదు. నిద్రను కొలవడం నేర్చుకున్న చరిత్రను వీళ్ల వైపు నుంచి చదివితే, కొలత సాధించినదెంతో, అది చేసిన అన్యాయమెంతో రెండూ తెలుస్తాయి.

వీళ్లను మొదట పట్టించుకున్నది ప్రాగ్ నగరంలోని నరాల వైద్యుడు బెడ్రిక్ రోత్. లేపితే అటూ ఇటూ తడబడుతూ, అలారం ఆపేసిన సంగతి కూడా గుర్తులేకుండా మళ్లీ మంచమెక్కే రోగుల గురించి 1950లలోనే రాశాడాయన. 1976 నాటికి తాను స్వయంగా చూసిన 642 మందిని వర్గాలుగా విడదీసి ప్రచురించాడు. నార్కోలెప్సీ ఒక పక్క, ఈ అంతూపొంతూ లేని నిద్ర మరో పక్క. దీన్నే ఇప్పుడు ఇడియోపథిక్ హైపర్‌సోమ్నియా అంటున్నాం. రోత్ ప్రధానంగా నమ్ముకున్నది రోగి చెప్పేది ఓపిగ్గా వినడం, ఏళ్ల తరబడి గమనించడం. ఆ పద్ధతికి ఒక లోటుంది: మరో ఊళ్లో మరో వైద్యుడు అదే రోగిని చూసి అదే మాట చెబుతాడన్న హామీ లేదు.

ఆ హామీ కోసమే అమెరికాలో స్టాన్‌ఫర్డ్ పరిశోధకులు మేరీ కార్స్‌కడాన్, విలియమ్ డిమెంట్ 1970ల మధ్యలో ఒక పరీక్షను తయారుచేశారు. పేరు మల్టిపుల్ స్లీప్ లేటెన్సీ టెస్ట్. రోగి నెత్తిమీద, కళ్ల పక్కన, గడ్డం కింద తీగలు అతికించి చీకటి గదిలో పడుకోబెడతారు. కళ్లు మూసుకుని నిద్రపోవడానికి ప్రయత్నించమంటారు. పక్క గదిలో టెక్నీషియన్ మెదడు గీతల్ని చూస్తూ ఉంటాడు. 20 నిమిషాల్లో కునుకు రాకపోతే లైటు వేసేస్తారు. వస్తే, ఎన్నో నిమిషానికి వచ్చిందో రాసుకుని, కలల నిద్ర వస్తుందేమోనని మరో 15 నిమిషాలు చూస్తారు. రెండేసి గంటలకోసారి, రోజంతా కలిపి నాలుగైదు సార్లు ఇదే తంతు. ‘నాకేం నిద్ర రావట్లేదు’ అన్నవాడి మెదడు మూడు నిమిషాల్లో నిద్రపోయిందని చూపించగల ఈ పరీక్ష నిజంగా గొప్పదే. నార్కోలెప్సీ రోగులు ఇట్టే నిద్రలోకి, అందులోనూ నేరుగా కలల నిద్రలోకి దూకుతారు కాబట్టి ఇది వాళ్లకు కొలతపెట్టి కుట్టిన చొక్కాలా సరిపోయింది.

అదే చొక్కాను రోత్ రోగులకూ తొడిగారు. సగటున 8 నిమిషాల్లోపు నిద్రపడితే జబ్బు ఉన్నట్టు, దాటితే లేనట్టు. కానీ వీళ్ల బాధ నిద్ర త్వరగా పట్టడం కాదు, పట్టిన నిద్ర వదలకపోవడం. పైగా పరీక్ష కోసం పొద్దున్నే లేపేస్తారు, అంటే ఏ పొడుగు నిద్రను చూడాలో దాన్నే మధ్యలో తుంచేస్తారు. పారిస్‌లో 75 మంది రోగులను పరిశీలించి 2009లో ప్రచురించిన అధ్యయనంలో, పొడుగు నిద్ర ఉన్నవాళ్లలో ఎక్కువమందికి సగటు 8 నిమిషాలు దాటింది. మరోపక్క ఏ జబ్బూ లేకుండా షిఫ్టుల్లో నలిగేవాళ్లు ఈ గీత కిందికి సులువుగా వచ్చేస్తారు. 1998లో ఆరెక్సిన్ అనే మెదడు రసాయనం బయటపడి, 2000 నాటికి చాలామంది నార్కోలెప్సీ రోగుల్లో అది అడుగంటుతోందని తేలాక ఈ రెండు వర్గాల మధ్య తేడా ఇంకా పెరిగింది. ఇప్పుడు వెన్నుద్రవంలో మిల్లీలీటరుకు 110 పికోగ్రాములో, అంతకన్నా తక్కువో ఉంటే నార్కోలెప్సీ గురించి వాదన అక్కర్లేదు. రెండో వర్గానికి అలాంటి రసాయన సాక్ష్యం ఇంకా దొరకలేదు.

అంకె లేకపోతే ఎలా అని అడిగేవాళ్లున్నారు. ఆ ప్రశ్నలో న్యాయముంది. ఈ జబ్బుకిచ్చే మందుల్లో దుర్వినియోగమయ్యేవి ఉన్నాయి, లారీ స్టీరింగ్ ముందు కూర్చునేవాడి మాట ఒక్కటే నమ్మి ఊరుకోలేం. రోగి మాటకూ పరిమితులున్నాయి. 1991లో మెల్‌బోర్న్ వైద్యుడు ముర్రే జాన్స్ ఇచ్చిన ఎప్‌వర్త్ స్కేల్ ఎనిమిది సందర్భాల్లో కునుకు పట్టే అవకాశానికి 0 నుంచి 3 దాకా మార్కులు వేసుకోమంటుంది. అందులో ఒకటి, వీలున్నప్పుడు మధ్యాహ్నం పడుకోవడం. భోంచేసి నడుం వాల్చే తెలుగిళ్లలో దానికి 3 వేసుకోనివాళ్లు అరుదు! అయితే అంకె నిలకడగా ఉంటేనే ఈ వాదనకు బలం. కేటాప్లెక్సీ (నవ్వొచ్చినా, సంతోషమొచ్చినా ఒంట్లో సత్తువ పోవడం) లేని నార్కోలెప్సీ, హైపర్‌సోమ్నియా రోగులకు అదే నిద్ర పరీక్ష రెండోసారి చేసి 2013లో ప్రచురించిన అమెరికా అధ్యయనంలో సగానికి పైగా మందికి జబ్బు పేరే మారిపోయింది. కాబట్టి కొలత మానేయమనడం పరిష్కారం కాదు, బాధ ఎక్కడుందో అక్కడ కొలవాలి. 2014 నాటి అంతర్జాతీయ ప్రమాణాలు 24 గంటల్లో 11 గంటల నిద్ర నమోదైనా సరిపోతుందని ఒప్పుకున్నది అందుకే. 2019లో ఫ్రాన్స్‌లోని మోంపెలియే పరిశోధకులు ఈ జబ్బు కోసమే 14 ప్రశ్నల కొలమానం తెచ్చారు. 2021లో అమెరికా దీనికంటూ మొదటి మందును ఆమోదించింది. ఆ మందు పనిచేసిందని ప్రధానంగా తేల్చింది రోగులు తమకు తాము వేసుకున్న ఎప్‌వర్త్ మార్కులే.