బ్లాక్‌బర్ను నేతగాండ్రు – వారి బంతియాట – చలనచిత్రములు

లంకాషైరు అను పేరు వినినతోడనే మన పద్మశాలీయ సోదరులకు మనస్సు కలుక్కుమనుట సహజము. పందొమ్మిదవ శతాబ్దమున ఆ సీమయందలి బ్లాక్‌బర్ను పట్టణపు మరమగ్గములపై మన దేశమునకై ధోవతులు నేయబడి ఓడలకెక్కెను. అవి మన సంతలలో చౌకగా అమ్ముడుపోవుకొలది మన గుంటమగ్గములు మూలబడెను. అయినను ఆ మిల్లులలో మగ్గము నడపినవారును కూలికి నేసిన నేతగాండ్రే. 1931లో మహాత్ముడు బ్లాక్‌బర్ను చెంతనున్న డార్వెను కేగి, పనిలేక చిక్కుపడిన వారిని స్వయముగ పలుకరించెను. అట్టివారి ముఖములను, వారి యాటలను నేడు మనము కన్నులార చూడగల్గుట యొక వింతకథ.

బ్లాక్‌బర్నునందే సేగర్ మిచెల్, జేమ్సు కెన్యను అను నిరువురు 1897లో చలనచిత్ర వ్యాపారమునకు గడంగిరి. మిల్లు విడుచు వేళ ద్వారముకడ యంత్రము నిలిపి, వెలికివచ్చు స్త్రీపురుషులను, బాలురను చిత్రించుటయు, ఆ చిత్రమును ఆ యూరి తిరునాళ్ల డేరాలో చూపించుటయు వారి పద్ధతి. తమ్ముదాము చూచుకొనవలెనను కుతూహలముతో జనులు రుసుము చెల్లించి వచ్చుచుండిరి. వారిని పురికొల్పినది కళాభిమానముకంటె టిక్కెట్ల రాబడియే యని మా యభిప్రాయము. అందువలన చరిత్రకు నష్టమేమియు కలుగలేదు.

శనివారము మధ్యాహ్నము మిల్లులు మూయగనే కార్మికులు కాలిబంతి మైదానములకు పోవుచుండిరి. యంత్రమును వారివెంటనే పోయెను. 1901లో న్యూకాసిలు–లివర్‌పూలు, 1902లో బర్న్‌లీ–మాంచెస్టరు యునైటెడు జట్ల పోటీలు ఇట్లు చిత్రింపబడెను. ఫిలిము కొలది నిమిషములకే చాలును. గోలు పడు క్షణము చిక్కుట దైవాధీనము. కావున యంత్రమును ప్రేక్షకులవైపునకును మరల్చిరి. నేడు చూచువారికి ఆటకంటె, టోపీలు ఊపుచు, త్రోసికొనుచు, నవ్వుచున్న ఆ జనసమ్మర్దమే మనోహరముగ తోచును.

ఆ యాటకును మగ్గమునకును సంబంధము అంతకుముందే కలదు. 1883లో బ్లాక్‌బర్ను ఒలింపిక్ జట్టు, ఈటన్ పాఠశాలయందు చదివిన కులీనుల జట్టును 2–1 గోల్సుతో ఓడించి ఇంగ్లండు కాలిబంతి సంఘపు కప్పును గెలిచెను. గెలిచినవారిలో నేతపనివారుండిరి! అప్పటికి చలనచిత్రము పుట్టనేలేదు గదా. ఆ విజయమును జూచు భాగ్యము మనకు లేకపోయెను.

మిచెల్, కెన్యనుల చిత్రములును నశింపవలసినవే. 1994లో బ్లాక్‌బర్నునందలి యొక పాత దుకాణపు నేలమాళిగలో పనివారికి లోహపు పీపాలయందు సుమారు 800 ఫిలిముచుట్టలు కనబడెను. అవి ఆ యూరి చలనచిత్రాభిమానియగు పీటర్ వర్డెన్ చేతికి చేరి, 2000లో బ్రిటిషు ఫిలిం ఇన్‌స్టిట్యూటునకు అప్పగింపబడి, మరమ్మతు పొంది, 2005లో బి.బి.సి. వారిచే ప్రదర్శింపబడెను.

మన కులస్థుల యిండ్లలో యువకుల కబడ్డీజట్ల ఛాయాచిత్రములు, పాత వీడియోచుట్టలు ఉన్నచో, వానిపై ఊరు, సంవత్సరము, నిలుచున్నవారి పేర్లు వ్రాసియుంచుడని వేడుచున్నాము. బ్లాక్‌బర్ను చిత్రములలో ఆటగాండ్ర పేర్లు పెక్కు దొరకినవి; మిల్లు ద్వారముకడ నవ్విన స్త్రీలలో అనేకుల పేర్లు దొరకలేదు.