డ్రైవర్ దిగిపోయాక

జపాన్‌లో టకారా అనే బొమ్మల కంపెనీ 1980లో డయాక్లోన్ పేరుతో ఒక కొత్త వరుస మొదలుపెట్టింది. అందులో కార్లు, లారీలు, విమానాలు మడతలు విప్పితే రోబోలయ్యేవి. వాటిని నడపడానికి పాదాల్లో అయస్కాంతాలున్న బుల్లి మనుషులు ఉండేవారు. రోబో ఎంత పెద్దదైనా యంత్రమే. ప్రాణం, బుద్ధి, ధైర్యం అన్నీ సీట్లో కూర్చున్న మనిషివి.

1984లో అవే బొమ్మలు ట్రాన్స్‌ఫార్మర్స్ అన్న పేరుతో అమెరికా అంగళ్లలోకి వచ్చినప్పుడు ఆ బుల్లి మనుషులు లేరు. అచ్చులు పాతవే కాబట్టి చాలా బొమ్మల్లో సీట్లు మాత్రం ఖాళీగా మిగిలాయి. నడిపేవాడు లేనప్పుడు ఈ బండి తనంతట తాను ఎలా నడుస్తోంది? దీనికి జవాబు వెతకడంలోనే సైబర్‌ట్రాన్ అనే లోహగ్రహం, దాని మీద ఇనుప ఒంటితో ఒక జాతి, ఆ జాతికి యుద్ధాలు, దేవుళ్లు, దుఃఖాలు పుట్టాయని నా నమ్మకం.

ఈ బొమ్మల వంశం ఇంకా వెనక్కి వెళ్తుంది. అమెరికాలో హాస్‌బ్రో 1964లో జీఐ జో అనే సైనికుడి బొమ్మ తెచ్చింది. టకారా దాన్ని లైసెన్సు మీద జపాన్‌లో అమ్మింది. తర్వాత అదే ఆకారానికి పారదర్శకమైన ఒళ్లు తొడిగి, లోపలి యంత్రాలు కనిపించేలా 1972లో హెన్షిన్ సైబోర్గ్ చేసింది. చమురు సంక్షోభంతో ప్లాస్టిక్ ప్రియమైంది. బొమ్మ కుదించుకుపోయి 1974లో మైక్రోమాన్ అయింది, పది సెంటీమీటర్ల మనిషి. ఆ వరుసలోనే 1983లో మైక్రో చేంజ్ వచ్చింది. ఇక్కడ రోబోలు ఇంట్లో వాడే వస్తువుల్లో దాక్కుంటాయి: క్యాసెట్, మైక్రోస్కోప్, తుపాకీ. అన్నీ ఇంచుమించు అసలు సైజులోనే.

హాస్‌బ్రో చేతికి ఇవి మళ్లీ చేరడంలో హెన్రీ ఓరెన్‌స్టీన్ పాత్ర పెద్దది. పోలండ్‌లో పుట్టిన యూదుడు. నాజీలు తల్లిదండ్రులను చంపేశారు, తను అయిదు నిర్బంధ శిబిరాలు దాటి బతికాడు. అమెరికా వెళ్లి బొమ్మల రూపకర్తగా పేరు తెచ్చుకున్నాడు. మడత విప్పే ఈ బొమ్మల్లో ఉన్న శక్తిని ముందే పసిగట్టి హాస్‌బ్రోకు, టకారాకు మధ్య ఒప్పందం కుదిరేలా చూశాడు.

హాస్‌బ్రో డయాక్లోన్‌నూ మైక్రో చేంజ్‌నూ ఒకే కుప్పగా పోసింది. చిక్కు అక్కడే వచ్చింది. లారీ అరచేతిలో పట్టేలా కుదించిన లారీ, తుపాకీ మాత్రం తుపాకీ అంతే. కథలో ఈ రెంటినీ ఎదురెదురుగా నిలబెట్టాలి. అందుకే కార్టూన్‌లో తుపాకీ రోబో మెగాట్రాన్ నిలబడితే లారీ రోబో ఆప్టిమస్ ప్రైమ్‌కు సమానంగా ఉంటాడు, తుపాకీగా మారితే అనుచరుడి చేతిలో ఇమిడిపోతాడు. ఆ మిగతా లోహమంతా ఎక్కడికి పోయిందో తేల్చడానికి అభిమానులు ఈనాటికీ తంటాలు పడుతున్నారు.

కథ అల్లే పని మార్వెల్ కామిక్స్‌కు అప్పగించారు. అక్కడ ప్రధాన సంపాదకుడు జిమ్ షూటర్ మూలకథ రాశాడు: ఆటోబాట్లు, డిసెప్టికాన్లు, ఆ రెండు పక్షాల మధ్య యుగాలుగా సాగే అంతర్యుద్ధం. అక్కడి రచయిత డెన్నీ ఓనీల్ ఆప్టిమస్ ప్రైమ్ అన్న పేరు ఇచ్చాడు. మిగతా పేర్లు చాలావరకు హాస్‌బ్రోకు నచ్చలేదు. 1983 నవంబరులో, థాంక్స్‌గివింగ్ సెలవుల ముందు, వాటిని తిరగరాసే పని మార్వెల్ సంపాదకుడు బాబ్ బుడియాన్‌స్కీ నెత్తిన పడింది. సెలవుల్లోనే కూర్చుని ఇరవైకి పైగా పాత్రలకు పేర్లు, స్వభావాలు రాసేశాడు. మెగాట్రాన్ అన్న పేరు భయం పుట్టిస్తోందని కంపెనీవాళ్లు జంకితే, ప్రధాన ప్రతినాయకుడు భయపెట్టాల్సిందేనని వాదించి నెగ్గాడు.

ఈ జాతికి నిజంగా ఊపిరి పోసింది ఆయనే అంటాను. అట్టపెట్టె వెనక నాలుగు వాక్యాల స్థలమే ఆయనకు దొరికింది. అందులో హఫర్ అనే రోబో సైబర్‌ట్రాన్ మీద బెంగతో కుమిలిపోతాడు. హౌండ్ భూమి అందాలకు మురిసిపోయి, మనిషిగా పుట్టి ఉంటే బాగుండునని లోలోపల అనుకుంటాడు. మిరాజ్‌కు ఈ యుద్ధమే గిట్టదు, సొంత గ్రహంలో సంపన్న మిత్రులతో వేటాడిన రోజులే కావాలి. బెంగ, ఆశ, వర్గం. ఒక లోకంలో నిజంగా మనుషులు మసలుతున్నారనిపించడానికి ఇంతకన్నా ఏం కావాలి! పెట్టె మీద అచ్చేసిన పట్టికలో బలం, వేగంతో పాటు ధైర్యానికీ మార్కులుండేవి. ఎర్రటి ప్లాస్టిక్ ముక్కను దాని మీద ఉంచితేనే అవి కనిపించేవి.

1984 సెప్టెంబరులో టీవీ కార్టూన్ మొదలైంది. బొమ్మలు అమ్మడానికే కార్యక్రమం నడిపే వీలు అమెరికాలో అప్పుడప్పుడే కలిగింది. ఆటోబాట్ల నాయకుడు ఆప్టిమస్‌కు గొంతు అరువిచ్చిన పీటర్ కలెన్, వియత్నాంలో పోరాడి వచ్చిన తన అన్న లారీ కలెన్‌ను ఆదర్శంగా పెట్టుకున్నాడు. నాయకుడు అరవనక్కర్లేదు, మెత్తగా మాట్లాడగలిగేంత బలం ఉంటే చాలని అన్న చెప్పిన మాటే ఆ గొంతులో వినిపిస్తుంది.

1986 ఆగస్టులో వచ్చిన సినిమాలో ఆ ఆప్టిమస్‌నే చంపేశారు. కొత్త బొమ్మలకు చోటు కావాలి కాబట్టి పాతవాళ్లు పోవాలన్నది వ్యాపార లెక్క. థియేటర్లలో పిల్లలు గుక్కపట్టి ఏడ్చారు. అది బొమ్మ అని కాక ప్రాణి అని పిల్లలు ఎప్పుడో నమ్మేశారన్న సంగతి కంపెనీకి అప్పుడు తెలిసింది. 1987లో అతన్ని మళ్లీ బతికించారు.

సినిమా వచ్చిన కొద్ది వారాలకే, ఫ్లింట్ డిల్ రాసిన అయిదు భాగాల టీవీ కథలో జాతి పుట్టుక బయటపడింది. క్వింటెసాన్లనే వ్యాపారులు ఈ రోబోలను అమ్మకానికి తయారుచేశారట. ఆటోబాట్ల పూర్వీకులు ఇళ్లలో వాడే సరుకు, డిసెప్టికాన్ల పూర్వీకులు యుద్ధసామగ్రి. ఒకనాడు ఆ సరుకు తిరగబడి యజమానులను గ్రహం నుంచి తరిమేసింది. బ్రిటన్ మార్వెల్ పత్రికలో సైమన్ ఫర్మన్ మరో దారి పట్టాడు. ప్రైమస్ అనే దేవుడే సైబర్‌ట్రాన్ గ్రహమై నిలిచాడని, ఈ జాతి ఆయన సృష్టేనని రాశాడు. తర్వాతి కాలంలో ఎక్కువగా చెలామణి అయింది ఈ రెండోదే. నాకు మాత్రం మొదటి కథే దగ్గర. అమ్మకం కోసం చేసిన బొమ్మల గురించి, అమ్మకం కోసమే రాస్తూ, ఒక రచయిత ఆ బొమ్మల పూర్వీకుల చేత అమ్మేవాళ్ల మీదే తిరుగుబాటు చేయించాడు.