విశాఖ వీధుల్లో వంతులవారీ దీక్ష

విశాఖపట్నంలో ద్వారకా నగర్, ఆర్టీసీ కాంప్లెక్సు పరిసరాలు నగర వ్యాపారానికి కేంద్రం కాగా, అక్కడికి కూతవేటు దూరంలో మహా విశాఖ నగరపాలక సంస్థ కార్యాలయం వద్దనున్న గాంధీ విగ్రహం చాలాకాలంగా కార్మిక సంఘాల ధర్నాలకు వేదికగా ఉంటూ వచ్చింది. కొందరు ఒక రోజు ఉపవాసం కూర్చొని మరునాడు ఆ స్థానాన్ని వేరొకరికి అప్పగించే రిలే నిరాహార దీక్ష ఈ నగరంలో స్థిరపడిన తీరును గమనిస్తే, ఉక్కు ఉద్యమ స్వభావం ఎలా మారిందో తెలుస్తుంది.

విశాఖలో ఉక్కు కర్మాగారం కోరుతూ 1966 అక్టోబరు 15న టి. అమృతరావు నగరంలో ఆరంభించినది ఆమరణ దీక్ష. ఒక్క మనిషి ప్రాణం చుట్టూ రాష్ట్రమంతా కదిలింది, నవంబరు 1న నగరంలో పోలీసు కాల్పులు జరిగాయి, చివరకు 1970 ఏప్రిల్‌లో ఇందిరాగాంధీ పార్లమెంటులో కర్మాగారాన్ని ప్రకటించి, 1971 జనవరి 20న శంకుస్థాపన చేశారు. అయితే ఆనాటి నినాదం కేంద్రం నుంచి ఒక ప్రాంతం కోరిన వాటాకు సంబంధించినదే తప్ప, ఆ వాటా లోపల ఎవరికెంత అన్న ప్రశ్న అందులో లేదు. కర్మాగారానికి భూములిచ్చిన పల్లెల నిర్వాసితులు ఉపాధి కోసం ఆ తరువాత దశాబ్దాల తరబడి ఆందోళన చేయవలసి వచ్చింది.

2021 జనవరి 27న కేంద్ర మంత్రివర్గ సంఘం కర్మాగారంలో నూరు శాతం వాటా విక్రయానికి ఆమోదం తెలిపిన తరువాత, ఫిబ్రవరి 12 నుంచి కర్మాగారం సమీపంలోని కూర్మన్నపాలెం కూడలిలో రిలే దీక్షలు మొదలై వెయ్యి రోజులు దాటాయి. బ్లాస్ట్ ఫర్నేసు ఆరకూడదు, జీతం కోతపడకూడదు, శిబిరం ఖాళీ కాకూడదు. ఈ మూడు షరతులకూ లొంగే రూపం రిలే దీక్ష ఒక్కటే. షిఫ్టుల పనికి అలవాటుపడిన కార్మికుడు ఆకలిని కూడా షిఫ్టుల్లోనే పంచుకున్నాడనడం అతిశయోక్తి కాదు. ఉదయం మెడలో దండలు, ఎన్నో రోజో తెలిపే ఫ్లెక్సీ, సాయంత్రం నిమ్మరసం: షామియానా కింద దినచర్య ఇదే. దీనికి భిన్నంగా, 2011లో న్యూయార్కులోని జుకోటీ పార్కును ఆక్రమించినవారు అక్కడే నివసించడం ద్వారా సంపద కేంద్రీకరణను ప్రశ్నించగా, పోలీసులు వారిని రెండు నెలలకే ఖాళీ చేయించారు.

పర్మినెంటు ఉద్యోగికి సరిపోయిన ఈ పద్ధతి, పనే నిలకడలేని కాంట్రాక్టు కార్మికుడికి అంతగా సరిపోలేదు. 2025లో తొలగింపులు పెరిగినప్పుడు వారు ఆశ్రయించినది సమ్మెనే. అప్పట్లో నెలకు 11,500 రూపాయల గౌరవ వేతనంతో పనిచేస్తున్న అంగన్‌వాడీ కార్యకర్తలు సైతం 2023 డిసెంబరు 12న రాష్ట్రమంతటా విధులు మాని రోడ్డెక్కారు. 2024 జనవరిలో ప్రభుత్వం అత్యవసర సేవల చట్టాన్ని ప్రయోగించినా వెనక్కు తగ్గక, 42 రోజుల పాటు సమ్మె సాగించారు.