గోదావరి జిల్లాలలో విద్యుత్తు మోటారు బేరము

ధవళేశ్వరము వద్ద ఆర్థర్ కాటన్ 1847లో ప్రారంభించిన ఆనకట్ట 1852 నాటికి పూర్తియైనది. నాటినుండి గోదావరి డెల్టా రైతునకు నీరు తోడవలసిన పని చాలవరకు తప్పినది. ఆనకట్ట నదిమట్టమును ఎత్తినది. కాలువ పల్లమును వెదకికొనుచు పొలములోనికి తానే నడచినది. తూర్పు, మధ్య, పశ్చిమ డెల్టాలలో సుమారు 10 లక్షల ఎకరములు ఈ విధముగనే తడియుచున్నవి. ఇట్టి సీమలో మోటారు అమ్మవచ్చిన వర్తకుడు ఎవరికి అమ్మవలెను?

ఒక దేశమున విద్యుత్తు మోటారులకు ఎంత గిరాకి యుండునో అంచనా వేయువారు సాధారణముగా కర్మాగారములను, పొలములను, జనాభాను లెక్కింతురు. పూర్వపు ఉభయ గోదావరి జిల్లాల అనుభవమును చూచినచో ఆ లెక్క చాలదని తెలియును. నీరు ఎక్కడినుండి వచ్చును, కరెంటు ఎక్కడినుండి వచ్చును, ఆ కరెంటు ఖరీదు ఎవరు చెల్లింతురు అను మూడు సంగతులే ఇచ్చటి మోటారు బేరమును నడిపినవి.

మోటారు సంగతి ముందుగా కొంత తెలిసికొనవలెను. అయస్కాంతము చుట్టును విద్యుత్తు ప్రవహించు తీగ తిరుగునని ఫారడే 1821లో ఇంగ్లండులో చూపినాడు. అది ప్రయోగశాలలోని వింత. పొలమునకు, మిల్లునకు పనికివచ్చు మోటారు పుట్టుటకు మరి 70 సంవత్సరములు పట్టినది. 1888లో టెస్లా అమెరికాలో ప్రేరణ మోటారుకు పేటెంట్లు పొందినాడు. ఇటలీలో ఫెరారిస్ అదే కాలమున అదే సూత్రమును కనుగొన్నాడు. 1889లో దొలివో దొబ్రొవోల్‌స్కీ జర్మనీలో మూడు ఫేజుల మోటారును నేటి రూపునకు తెచ్చినాడు. ఈ మోటారులో కదలని భాగమగు స్టేటరు చుట్లలో మూడు ఫేజుల విద్యుత్తు ప్రవహించినపుడు అయస్కాంత క్షేత్రము గిరగిర తిరుగును. నడుమనున్న రోటరులోని లోహపు ఊచలలో ఆ క్షేత్రముచే విద్యుత్తు ప్రేరితమగును. రోటరు క్షేత్రమును వెంటాడుచు తిరుగును. క్షేత్రము నిమిషమునకు 1,500 చుట్లు తిరిగిన రోటరు సుమారు 1,440 చుట్లు తిరుగును. పాఠశాలలో విద్యార్థులు దీనిని లోపమని తలచుట కలదు. కాని ఆ వెనుకబాటు లేనిచో ఊచలలో విద్యుత్తే పుట్టదు. రోటరునకు బయటినుండి తీగలు తగిలింపనక్కరలేదు. రాపిడికి లోనగు బ్రష్షులు లేవు, నిప్పురవ్వలు లేవు. ఊకధూళి నిండిన బియ్యపు మిల్లుకును, బురద గట్టుకును ఇంతకన్న తగిన యంత్రము లేదు.

డెల్టాలో మొదట పెద్దయెత్తున మోటారును కొన్నది బియ్యపు మిల్లే. అంతకుముందు మిల్లులలో ఊకను కాల్చి ఆవిరి పుట్టించెడివారు, లేదా ఆయిలింజనును వాడెడివారు. ఒకే ఇంజను పొడవైన ఇరుసును త్రిప్పగా, తోలుపట్టాల ద్వారా అన్ని మరలును తిరిగెడివి. పట్టా తెగినచో మిల్లంతయు నిలిచెడిది. మరకొక మోటారు అమర్చుటతో ఆ చిక్కు పోయినది. తాడేపల్లిగూడెము, నిడదవోలు, పాలకొల్లు, మండపేట వంటి మిల్లు పట్టణములే ఇచ్చట మోటారునకు తొలి అంగళ్లని చెప్పవచ్చును.

ఐతే మిల్లు దాకా తీగ రావలెను గదా. స్వాతంత్ర్యమునకు పూర్వము పట్టణములలో లైసెన్సు పొందిన కంపెనీలు విద్యుత్తును సరఫరా చేసెడివి. రాజమండ్రిలో ఆ పని చేసిన రాజమండ్రి ఎలక్ట్రిక్ సప్లై కార్పొరేషను పేరు న్యాయశాస్త్ర గ్రంథములకు కూడ ఎక్కినది. ఇట్టి కంపెనీలను స్వాధీనము చేసికొనుటకు మద్రాసు శాసనసభ 1949లో చేసిన చట్టము తన అధికార పరిధిని మించినదని సుప్రీంకోర్టు 1954లో ఈ కంపెనీ వ్యాజ్యముననే తీర్పు చెప్పినది. ఆ కంపెనీల కాలమున తీగ పట్టణపు పొలిమేరను దాటిపోవుట అరుదు. దూరపు గ్రామమునకు స్తంభములు నాటి, నాలుగు దీపములకు కరెంటు అమ్మిన లాభమేమి?

1955 ఆగస్టు 19న రాష్ట్రపతి రాజేంద్రప్రసాదు మాచ్‌ఖండ్ జలవిద్యుత్ కేంద్రమును ప్రారంభించినారు. ఆంధ్ర, ఒరిస్సా రాష్ట్రములు కలిసి కట్టిన ఈ కేంద్రము ఆరు యూనిట్లతో 114.75 మెగావాట్ల సామర్థ్యమును పొందినది. 1959లో రాష్ట్ర విద్యుచ్ఛక్తి బోర్డు ఏర్పడినది. ఇచ్చట ఒక భౌగోళిక విశేషము కలదు. మాచ్‌ఖండ్ నదియే దిగువన సీలేరగును. సీలేరు శబరిలో, శబరి కూనవరము వద్ద గోదావరిలో కలియును. 1967లో ఎగువ సీలేరు, 1976–78లో 460 మెగావాట్ల దిగువ సీలేరు కేంద్రములు అదే నీటిపై వెలసినవి. కొండలలో టర్బైనులను త్రిప్పిన నీరే ధవళేశ్వరము చేరి కాలువలలో పారుచున్నది. ఒకే నీరు డెల్టాకు ఒకసారి తీగమీదను, మరొకసారి కాలువలోను వచ్చుచున్నదన్న మాట. మాచ్‌ఖండ్ జలాశయము క్రింద భూములు మునిగి లేచిపోయిన గిరిజన కుటుంబములను తలచినవారు మాత్రము డెల్టాలో అరుదు.

మోటారులు ఎక్కడినుండి వచ్చెడివి? తొలుత సీమనుండియే. దేశములో తయారైన మొదటి మోటారు 1937లో కోయంబత్తూరులో వెలువడినది. దానిని రూపొందించిన జి.డి. నాయుడు అచ్చటి తెలుగు కుటుంబములవాడు. ఆయనకు తోడైనవాడు డి. బాలసుందరం నాయుడు. 1946లో బెంగుళూరులో కిర్లోస్కర్ ఎలక్ట్రిక్ కంపెనీ ఏర్పడినది. కోయంబత్తూరునకే ఈ పరిశ్రమ పట్టుబడుటకు కారణములు స్పష్టము. అచ్చట బావులు లోతు. 1932నుండి పైకారా జలవిద్యుత్తు వచ్చినది. నూలుమిల్లుల యంత్రములను బాగుచేయు పనివారు అప్పటికే ఉన్నారు. గోదావరి డెల్టాలో ధనము లేక కాదు. 1947లోనే తణుకులో ఆంధ్రా షుగర్స్ స్థాపితమైనది. లేనిది లోతైన బావి. కాలువ ప్రక్కన ఉన్న రైతునకు మోటారుతో పనిలేదు; పనిలేని వస్తువును తయారుచేయవలెనన్న ఊహ ఎవరికి పుట్టును? కాలువ చివరి భూములకు నీరందని వేళ కూడ రైతు ఆయిలింజనునే బండిపై తెచ్చుకొనెడివాడు. స్తంభము కదలదు, ఇంజను కదలును.

కాలువ ఎక్కలేని మెరకయే పంపుసెట్టును పిలిచినది. చింతలపూడి, జంగారెడ్డిగూడెము, గోపాలపురము ఒకవైపు. రాజానగరము, గోకవరము, జగ్గంపేట మరొకవైపు. 1969లో కేంద్రప్రభుత్వము గ్రామీణ విద్యుదీకరణ సంస్థను నెలకొల్పిన తరువాత పంపుసెట్లకు తీగ లాగుట దేశమంతట ఊపందుకొన్నది. మెరకలో పొగాకు, చెరకు తోటలకు బోర్లు పడినవి. తరువాత ఆయిల్‌పామ్ వచ్చినది. 1995లో పెదవేగిలో దానికై జాతీయ పరిశోధనకేంద్రమే వెలసినది. వేసవిలో ఆ చెట్టు ఒక్కింటికి దినమునకు 200 లీటర్లకు పైగా నీరు కావలెను. బావిలో నీటిమట్టము దిగినకొలది గట్టుమీది మోటారు పనికిరాక, బోరులోనే మునిగి పనిచేయు సన్నని పొడవైన సబ్‌మెర్సిబుల్ మోటారు వచ్చినది. నీరు రెండింతల లోతునకు దిగినచో, అంతే నీటిని తోడుటకు రెండింతల శక్తి కావలెను. ఇందులో బేరమాడుటకు వీలులేదు.

ఇక కరెంటు ఖరీదు. 1980వ దశకము మొదట పంపుసెట్లకు మీటరును చూచి వసూలు చేయు పద్ధతి పోయి, హార్సుపవరును బట్టి ఏటికింత అను పద్ధతి వచ్చినది. ఎన్.టి. రామారావు ప్రభుత్వ కాలమున అది హార్సుపవరునకు సంవత్సరమునకు 50 రూపాయలు. 5 హార్సుపవరుల మోటారు గల రైతు ఎన్ని గంటలు త్రిప్పినను ఏడాదికి 250 రూపాయలే. 2004 మే 14న వై.యస్. రాజశేఖరరెడ్డి ముఖ్యమంత్రిగా చేసిన మొదటి సంతకముతో వ్యవసాయమునకు ఉచిత విద్యుత్తు వచ్చినది. రైతు బాధ కొంత తగ్గినదనుటలో సందేహము లేదు. మోటారు అంగడిపై దాని ఫలితము మాత్రము వేరు.

ఒక లెక్క చూడవచ్చును. 5 హార్సుపవరులనగా 3.73 కిలోవాట్లు. నూటికి 86 వంతుల దక్షత గల మోటారు ఆ పని చేయుటకు 4.34 కిలోవాట్లు పుచ్చుకొనును. దక్షత 76కు దిగినది 4.91 పుచ్చుకొనును. దినమునకు 7 గంటల చొప్పున 200 దినములు నడపినచో తేడా సుమారు 800 యూనిట్లు. మంచి మోటారు కూడ ఏడాదికి 6,000 యూనిట్లు త్రాగును. యూనిటు 5 రూపాయల లెక్కన 30,000 రూపాయలు. ఒక్క ఏటి కరెంటు ఖరీదు మోటారు ఖరీదునే మించగలదు. ఆ ఖరీదు తానే చెల్లించువాడు అంగడిలో దక్షతను గూర్చి అడుగును. చెల్లించనివాడు మోటారు ధరను, తీగచుట్ల బరువును, కాలిపోయినచో ఎంతలో బాగగునో అడుగును. అతనిని తప్పుపట్టుట తేలిక. కాని అతని ప్రశ్నలు అతని స్థితికి తగినవే.

మోటారు కాలిపోవుట అంత సామాన్యము. ఫీడరు చివర వోల్టేజి పడిపోవును. ప్రేరణ మోటారు త్రిప్పుబలము వోల్టేజి వర్గమును అనుసరించును గనుక, వోల్టేజి నూటికి 80 వంతులైనచో బలము 64 వంతులే మిగులును. బరువు తగ్గదు; మోటారు ఎక్కువ కరెంటును లాగి వేడెక్కును. మూడు ఫేజులలో ఒకటి పోయినను ఇదే గతి. అందుచేతనే రైతు 5 హార్సుపవరులు చాలుచోట 7.5 కొనుట, అట్టివారు పెరిగినకొలది ఫీడరు వోల్టేజి మరింత పడుట. అందరు కొన్న మందే అందరి జబ్బును పెంచినది. హార్సుపవరునకు రుసుము ఉన్న కాలమున పెద్ద మోటారుపై చిన్న అంకె గల పలకను తగిలించుట కూడ దేశములో పలుచోట్ల జరిగినది.

కాలిన మోటారులు ప్రతి మండల కేంద్రమున రీవైండింగు దుకాణములకు అన్నము పెట్టినవి. పాత చుట్లను తీసి, గాడులు శుభ్రపరచి, ఎనామెలు పూసిన రాగితీగను లెక్కతప్పక చుట్టి, వార్నిషు పోసి ఆరబెట్టు ఆ పనివారిలో నేర్పరులు ఎందరో కలరు. పాత తీగ ఊడుటకై స్టేటరును మంటతో మితిమీరి కాల్చినచో మాత్రము ఇనుపరేకుల నడుమనున్న పలుచని పూత చెడును. రేకులలో సుడి విద్యుత్తులు పెరిగి, మోటారు తిరుగుచునే ఉన్నను కొంత కరెంటు వేడిగా వృథాయగును. కరెంటుకు బిల్లు లేనిచోట ఆ వృథాను చూచువాడెవడు?

ప్రభుత్వము చూడకపోలేదు. ఉచిత విద్యుత్తుతోబాటే కెపాసిటర్లు, రాపిడి తక్కువగల ఫుట్‌వాల్వులు, ఐ.యస్.ఐ. గుర్తు గల పంపులు అమర్చవలెనని నిబంధనలు పెట్టినది. 2010వ దశకమున రాజానగరము ప్రాంతములో, రైతు పెట్టుబడి లేకుండ పాత పంపుసెట్ల స్థానమున తక్కువ కరెంటుతో నడచు పంపుసెట్లను పెట్టు పథకము నడచినది. ఆదా అగు కరెంటు రైతుది కాదు, సరఫరా సంస్థది; కనుక మార్చు ఖర్చు అటువైపునుండియే రావలెనన్న ఆలోచన దీనికి మూలము. ఇన్నాళ్ల అనుభవములో ఇదియే సూటియైన ఆలోచనగా కనిపించును. 2017లో కేంద్రప్రభుత్వము మూడు ఫేజుల ప్రేరణ మోటారులకు నాణ్యతా నియంత్రణ ఉత్తర్వును వెలువరించి, ఐ.ఇ.2 తరగతికి తక్కువైన వానికి అంగడి తలుపు మూసినది. పలకపై ఈ తరగతి గుర్తు ముద్రించియుండును. ఉపాధ్యాయులు విద్యార్థులకు దానిని చూపవచ్చును.

పెద్ద మోటారుల బేరమునకు ప్రభుత్వమే కొనుగోలుదారు. 24 పంపులతో 8,500 క్యూసెక్కులను ఎత్తుటకు తలపెట్టిన పట్టిసీమ ఎత్తిపోతల పథకమునుండి 2015లో గోదావరి నీరు కృష్ణకు పోయినది. పల్లమునకు పారుటయే తెలిసిన నది నీటిని మోటారు గట్టెక్కించినది.

చిన్న మోటారుల బేరమున నేటి ముఖ్యస్థానము భీమవరము పరిసరములది. నీటికొరత లేదని మోటారును కొనని డెల్టా పల్లమే ఇప్పుడు చెరువులకై కొనుచున్నది. 2009లో వనామీ రొయ్యకు అనుమతి లభించిన తరువాత వరిపొలములెన్నో చెరువులైనవి. చెరువుపై తేలుచు తెడ్డు చక్రములతో నీటిని చిలుకు ఏరేటరునకు ఒకటి రెండు హార్సుపవరుల మోటారు చాలును. పగలు నీటిలోని నాచు ఆక్సిజనును విడుచును. రాత్రి నాచు, రొయ్య, అడుగు బురద అన్నియు దానిని పీల్చుకొనును. తెల్లవారుజామున అది అన్నింటికన్న తగ్గును. ఆ వేళ ఏరేటరు ఆగినచో పంటయే పోవచ్చును.

2 హార్సుపవరుల ఏరేటరు రాత్రి 10 గంటలు తిరిగిన సుమారు 19 యూనిట్లు ఖర్చగును. 120 రాత్రుల పంటకు 2,200 యూనిట్లకు పైగా. 2019లో ఆక్వా రైతులకు యూనిటు ధరను 1.50 రూపాయలకు తగ్గించినపుడు అది 3,400 రూపాయలకు లోపే. చెరువునకు ఏరేటర్లు పలు ఉండును. ఇచ్చట మీటరున్నది, బిల్లున్నది. కనుక కొనువాడు పలకను చదువుచున్నాడు. అయినను అతడు మొదట అడుగునది దక్షత కాదు. ఉప్పుగాలికి, తడికి ఎన్ని నెలలు తట్టుకొనుననియే. గట్టుమీది పాకలో ఒక డీజిలు జనరేటరును, గోనె కప్పిన విడి మోటారును ఉంచుకొని, కరెంటు పోయిన రాత్రి టార్చి పట్టుకొని మెలకువగా కూర్చుండును.