పాదలేపం కరిగినచోట

మహిమగల మూలికల్లో నాకు ముందుగా గుర్తొచ్చేది మనుచరిత్రలోని పాదలేపం. అరుణాస్పదపురంలో సిద్ధుడు ఆ పసరు పూయగానే ప్రవరుడు హిమాలయం చేరాడు. మంచుకు పసరు కరిగిపోయింది. తిరిగివచ్చే దారి ఏదని ముందే అడగకపోవడం, లెక్కలు చదువుకున్న నాకు, పెద్ద పొరపాటుగానే తోస్తుంది.

మార్కండేయ పురాణంలోని ఈ కథను మారన ముందే తెనిగించాడు. అల్లసాని పెద్దన దాన్ని ప్రబంధంగా పెంచి కృష్ణదేవరాయలకు అంకితమిచ్చాడు. రాయలు 1509 నుంచి 1529 వరకు ఏలిన రాజధాని హంపీ. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు బళ్లారి జిల్లాలోని ఆదోని, ఆలూరు, రాయదుర్గం తాలూకాలు అందులో చేరాయి. హంపీ ఉన్న హోసపేట తాలూకా మైసూరులో కలిసింది. ప్రవరుడు పసరుతో దూరం పోయాడు. మా తాతలు ఉన్నచోటే ఉన్నారు, సరిహద్దే జరిగింది.

మా అమ్మాయి తెలుగు చక్కగా మాట్లాడుతుంది, చదవలేదు. మనుచరిత్ర అందుకున్న రాజధాని దగ్గరే ఉన్నా ఆ పుస్తకం ఆమెకు అందదు.

ప్రవరుణ్ణి ఇల్లు చేర్చింది పసరు కాదు, నిత్యం తాను కొలిచిన అగ్ని. అది తలచుకునే, పోయిన ఆదివారం అమ్మాయిని కూర్చోబెట్టి ఓనమాలు మొదలుపెట్టాను.