ఎవరి నేరం, ఎవరి జుర్మానా

2022 నవంబర్ 22న మా పక్క చండ్రుగొండ మండలంలో, బెండాలపాడు దగ్గరి అడవిలో, ఫారెస్ట్ రేంజ్ ఆఫీసర్ చలమల శ్రీనివాసరావును చంపేశారు. ప్లాంటేషన్ దగ్గర తగాదా, చేతుల్లో కొడవళ్లు. చంపినవాళ్లు ఎర్రబోడు గుత్తికోయ గూడెం మనుషులు. ఆ సాయంత్రానికి వార్త దమ్మపేట చేరింది. మరునాడు పొద్దున టీ కొట్టు దగ్గర అదే మాట. చనిపోయిన మనిషి నిజాయితీ గల ఆఫీసరని అందరూ అన్నారు. ఆ బాధ నిజమైనదే. భార్యాపిల్లలున్న మనిషి డ్యూటీకని ఇంట్లోంచి వెళ్లి శవమై తిరిగొచ్చాడు. ప్రభుత్వం ఆ కుటుంబానికి 50 లక్షలు ప్రకటించింది. అది ఆ ఇంటి నష్టానికి వెల కాదని, ఇచ్చినవాళ్లకూ తెలుసు, తీసుకున్నవాళ్లకూ తెలుసు.

రెండో గ్లాసు టీకి మాట మారింది. "వీళ్లంతా ఇంతే. ఛత్తీస్‌గఢ్ నుంచి వచ్చి మన అడవిని తింటున్నారు, మన మనుషుల్ని నరుకుతున్నారు. ఒక్కడు కూడా ఉండకూడదు ఇక్కడ" అన్నాడు ఒకాయన. చుట్టూ ఉన్నవాళ్లు తలలూపారు. కొట్టాయన నా వైపు తిరిగి "ఏం సాయిబూ, నువ్వు చెప్పు, నిజమేనా కాదా?" అన్నాడు. నేను నోరు తెరవలేదు. తల కొంచెం ఊపాననుకుంటాను. ఆ ఊపిన తల గురించే ఈ వ్యాసం.

ఎందుకంటే ఆ వాక్యం నాకు తెలుసు. "వీళ్లంతా ఇంతే" అనే వాక్యాన్ని నా జీవితంలో చాలాసార్లు విన్నాను. ఎప్పుడూ నన్ను ఉద్దేశించే విన్నాను. ఇంకొకరిని ఉద్దేశించి అంటుండగా, పక్కన నిలబడి వినడం అదే మొదటిసారి.

కొన్ని రోజులకే బెండాలపాడు గ్రామ పంచాయతీ గుత్తికోయల్ని వాళ్ల రాష్ట్రానికి పంపెయ్యాలని తీర్మానం చేసింది. ఆ తీర్మానం సంగతి హైకోర్టు దాకా వెళ్లింది. హత్య కేసు మాత్రం చట్టం దారిలోనే నడిచింది. 2023 ఆగస్టులో కొత్తగూడెం కోర్టు ఇద్దరికి యావజ్జీవం వేసింది. ఇద్దరికి. కోర్టు లెక్కలో నేరస్తులు ఇద్దరే. ఊరి లెక్కలో గూడెం గూడెమంతా నేరస్తులు, చంకలో పసిపిల్లతో సహా. ఈ రెండు లెక్కల మధ్య ఉన్న తేడాను ఎవరు కడతారు?

నేరం వల్ల సమాజానికి ఎంత నష్టమని లెక్కలు వేసే చదువులున్నాయి. పోలీసు ఖర్చు, జైలు ఖర్చు, కోర్టు ఖర్చు, పోయిన ప్రాణం, పోయిన ఆస్తి, మూతపడిన దుకాణం. ఇవన్నీ రాసుకుంటారు. నేరం చెయ్యకుండానే జుర్మానా కట్టేవాళ్ల పద్దు మాత్రం ఆ పుస్తకంలో ఉండదు. ముస్లింగా పుట్టినవాడికి ఆ పద్దు బాగా తెలుసు. అది మాకు తాతల ఆస్తి.

మా దాదా బట్టల మూట నెత్తిన పెట్టుకుని సంతలు తిరిగేవాడు. అప్పుడు మా ప్రాంతం నిజాం రాజ్యపు అంచు, వరంగల్ జిల్లాలో భాగం. ఖమ్మం జిల్లా పుట్టింది 1953లో. అంచు దాటితే మద్రాసు రాజధాని పల్లెలు. 1947, 48లలో రజాకార్లకు జడిసి జనం ఆ అంచు దాటి పోయేవాళ్లు. రజాకార్లు చేసినవి చిన్న నేరాలు కావు. 1948 ఆగస్టులో బైరాన్‌పల్లిని వల్లకాడు చేశారు. అదే నెలలో హైదరాబాద్‌లో, తమను వ్యతిరేకించి రాసినందుకు 'ఇమ్రోజ్' సంపాదకుడు షోయబుల్లాఖాన్‌ను చంపేశారు. ఆయనా ముస్లిమే. ఇది దాచుకోవాల్సిన చరిత్ర కాదు. దాస్తే మనకే నష్టం. మా దాదా మూటలోంచి కూడా రజాకార్లు పంచెలు లాక్కున్నారట, పైసా ఇవ్వకుండా. ఆ కథ చెబుతూ నవ్వేవాడు. పోలీసు చర్య అయిపోయాక అదే మనిషిని సంతలో "రజాకారోడు" అన్నారట. ఆ భాగం చెప్పేటప్పుడు మాత్రం నవ్వేవాడు కాదు. రూమీ టోపీని ట్రంకు పెట్టెలో అడుగున పెట్టేశాడు. అది నేను చూశాను. కుచ్చు ఊడిపోయి, పురుగు కొట్టి ఉంది.

1948 సెప్టెంబర్ 13న సైన్యం వచ్చింది, 17న నిజాం లొంగిపోయాడు. ఆ తర్వాత జరిగింది ఏమిటో చూసి రమ్మని నెహ్రూ ప్రభుత్వం పండిత్ సుందర్‌లాల్‌ను, ఖాజీ అబ్దుల్ గఫార్‌ను, మౌలానా అబ్దుల్లా మిస్రీని పంపింది. వాళ్లు తిరిగి చూసి రాసిన అంచనా: సంస్థానం మొత్తం మీద 27 వేల నుంచి 40 వేల మంది చనిపోయి ఉంటారు. ఎక్కువ మరణాలు ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాల్లో. ఆ నివేదిక దశాబ్దాల పాటు బయటికి రాలేదు. 2013లో గానీ ఢిల్లీలోని నెహ్రూ మెమోరియల్ లైబ్రరీలో చదవడానికి దొరకలేదు. ముస్లిం పొరుగువాళ్లను కాపాడిన హిందువుల సంగతి కూడా అందులో ఉంది. నేత పనివాళ్లు సాటి నేత పనివాళ్ల కోసం అడ్డం నిలబడ్డ సంగతి కూడా. ఈ మాట మనవాళ్లు ఎక్కువగా చెప్పుకోరు. చెప్పుకోవాలి.

ఇంతకీ రజాకార్ల నాయకుడు ఖాసిం రజ్వీ ఏమయ్యాడు? జైలులో ఉండి, 1957లో విడుదలై, పాకిస్తాన్ వెళ్లిపోయాడు. బాకీ మాత్రం ఇక్కడున్నవాళ్ల పేరు మీద ఉండిపోయింది. వాళ్లలో నూటికి తొంభై మంది దూదేకులవాళ్లు, దర్జీలు, బండ్లు తోలేవాళ్లు, మా దాదా లాగా మూట మోసేవాళ్లు.

ముద్ర వేసి బాకీ వసూలు చెయ్యడం మా ఒక్కరితో మొదలు కాలేదు. 1871లో తెల్లదొరలు క్రిమినల్ ట్రైబ్స్ చట్టం తెచ్చి కొన్ని కులాల్ని పుట్టుకతోనే దొంగలన్నారు. 1911లో అది మద్రాసు రాజధానికి వచ్చింది. బాపట్ల దగ్గర ఎరుకల వాళ్ల కోసం స్టూవర్టుపురం సెటిల్మెంటు పెట్టి సాల్వేషన్ ఆర్మీ చేతికిచ్చారు. హాజరు వెయ్యకుండా ఊరు దాటకూడదు. అక్కడి మనుషులు చీరాల పొగాకు కంపెనీలో పనికి పోయారు. చట్టాన్ని 1952లో ఎత్తేశారు. స్టూవర్టుపురం అని చెబితే పెళ్లి సంబంధం వెనక్కి పోవడం మాత్రం చట్టంతో పాటు పోలేదు. నేరమనే ముద్రలో ఒక ఆర్థిక సూత్రం ఉంది. ముద్ర పడ్డవాడు తన పనికి తాను ధర చెప్పలేడు.

ఇక నా తరానికి వస్తాను. 2007 మే 18, శుక్రవారం. మక్కా మసీదులో జుమా నమాజు వేళ బాంబు పేలింది. తొమ్మిది మంది చనిపోయారు. తర్వాత బయట పోలీసు కాల్పుల్లో ఐదుగురు. చచ్చిందీ మేమే, ఆ తర్వాత పట్టుబడిందీ మేమే. ఆగస్టు 25న లుంబినీ పార్కులో, గోకుల్ చాట్‌లో పేలుళ్లు జరిగాయి. నలభై మందికి పైగా అమాయకులు పోయారు. ఆ పైన పాతబస్తీ పిల్లల్ని పదుల సంఖ్యలో ఎత్తుకుపోయారు. రాష్ట్ర మైనారిటీ కమిషన్ నియమించిన న్యాయవాది ఎల్. రవిచందర్ విచారించి, వాళ్లను అక్రమంగా నిర్బంధించి హింసించారని నివేదిక ఇచ్చారు. తర్వాత కోర్టు వాళ్లను నిర్దోషులని వదిలేసింది.

ఆ సంవత్సరమే మా తమ్ముడు కంప్యూటర్ కోర్సుకని హైదరాబాద్ వెళ్లాడు. గది చూడ్డానికి నేనూ వెంట వెళ్లాను. టు-లెట్ బోర్డు ఉన్న ఇళ్లు ఆరు చూశాం. పేరు అడిగేదాకా గది ఖాళీయే. పేరు చెప్పాక ఎవరో బంధువులు వస్తున్నారు. ఏడో ఇంటాయన ఇస్తానన్నాడు, అద్దె ఎక్కువ చెప్పాడు, అడ్వాన్సు రెండు నెలలది ఎక్కువ అడిగాడు. నేను సంతలో బేరాలాడి బతికే మనిషిని. అయినా అక్కడ బేరమాడలేదు. డబ్బు లెక్కపెట్టి ఇచ్చి, పైగా షుక్రియా చెప్పి వచ్చాను.

తమ్ముడికి జరిగింది చాలా చిన్నది. ఎత్తుకుపోయిన పిల్లల ఇళ్లలో ఏం ఖర్చయి ఉంటుందో ఎవరైనా లెక్క వెయ్యవచ్చు. వకీలు ఫీజు. వాయిదా ఉన్న రోజల్లా పోయే కూలి. మూసిన కొట్టు. ఆగిన చదువు. అక్కకు కుదరని సంబంధం. ఇల్లు ఖాళీ చెయ్యమనే ఓనరు. విడుదలయ్యాక కూడా పని ఇవ్వని సేటు. ఇందులో సగానికి రశీదులుండవు.

ఒక్కసారి, ఒకే ఒక్కసారి, ప్రభుత్వం ఈ పద్దుకు అంకె వేసింది. జాతీయ మైనారిటీ కమిషన్ సిఫారసు మీద, కిరణ్‌కుమార్ రెడ్డి ముఖ్యమంత్రిగా ఉండగా, 2012 మొదట్లో పరిహారం ఇచ్చారు. జైలుకు వెళ్లి నిర్దోషులుగా వచ్చిన 20 మందికి తలా 3 లక్షలు. పట్టుకుపోయి వదిలేసిన 50 మందికి తలా 20 వేలు. అంతా కలిపి 70 లక్షలు. సత్ప్రవర్తన సర్టిఫికెట్లు కూడా ఇచ్చారు. నవ్వాలో ఏడవాలో తెలియని కాగితం అది. ఏ తప్పూ చెయ్యలేదని సర్కారు రాసిచ్చిన కాగితం జేబులో పెట్టుకుని తిరగాల్సి రావడమే ఒక శిక్ష కాదా? అయినా ఆ రోజు నాకు సంతోషమే అయింది. చిన్న అంకె అయినా, పద్దు పుస్తకంలోకి ఎక్కింది కదా అనుకున్నాను.

2013 సెప్టెంబర్‌లో హైకోర్టు ఆ పరిహారపు ఉత్తర్వుల్ని కొట్టేసింది. నిర్దోషిగా విడుదలైనంత మాత్రాన పరిహారం ఇవ్వడానికి చట్టంలో చోటు లేదంది. చట్టం ప్రకారం అది సరేనేమో, నేను వకీలును కాను. చోటు లేదంటే ఆ చోటు కల్పించాల్సింది ఎవరు?

మక్కా మసీదు కేసులో తర్వాత సీబీఐ, ఆ పైన ఎన్ఐఏ వేరే మనుషుల్ని నిందితులుగా చూపాయి. 2018 ఏప్రిల్ 16న నాంపల్లిలోని ప్రత్యేక కోర్టు సాక్ష్యం చాలదని ఐదుగురినీ వదిలేసింది. అంటే ఆ తొమ్మిది ప్రాణాలకు నేరస్తుడు ఇప్పటికీ లేడు. జుర్మానా మాత్రం ముందే వసూలైపోయింది.

జైళ్ల లెక్క కూడా చూడండి. 2011 జనాభాలో ముస్లింలు నూటికి 14. 2013లో దేశంలోని జైళ్లలో నూటికి 20 దగ్గర. ఆదివాసుల సంగతీ అంతే, దళితుల సంగతీ అంతే. ఈ అంకెల్ని మన సభల్లో మనం తరచూ చెబుతాం, మన వాటా వరకే చదివి కూర్చుంటాం. పక్క గడిలో ఉన్నవాడి వాటా చదవం. టీ కొట్టు దగ్గర నేను చేసింది అదే.

గుత్తికోయలు ఎందుకొచ్చారు? 2005 తర్వాత బస్తర్ వైపు సల్వాజుడుం పేరుతో ఊళ్లు తగలబడ్డాయి. 2011లో సుప్రీంకోర్టు ఆదివాసీ యువకులకు తుపాకులిచ్చి పోలీసులుగా వాడడం చెల్లదంది. అప్పటికే వేల కుటుంబాలు అడవి దాటి ఇటు వచ్చేశాయి. అటవీ హక్కుల చట్టానికి గడువు తేదీ 2005 డిసెంబర్ 13. ఆ తర్వాత వచ్చినవాడికి పట్టా లేదు. ఇక్కడ ఎస్టీ సర్టిఫికెట్ కూడా దొరకదు. కాగితం లేనివాడు కొట్టిన ప్రతి చెట్టూ నేరమే. వాళ్లు అడవి కొట్టడం లేదని నేననను. కొడుతున్నారు. మా వైపు మిరప తోటలకు కూలీ కావాల్సి వచ్చినప్పుడు, అదే జనం కోసం ట్రాక్టర్లు వెళ్తాయి. గూడేలు ఖాళీ చేయించాలన్న నోటితోనే, కోతలయ్యాక పంపిద్దాం అన్నవాళ్లను నేను విన్నాను.

ఆ డిసెంబర్‌లో నేను ఏజెన్సీ సంతలకు దుప్పట్లు ఎక్కువ తెచ్చాను, చలికాలం కదా అని. ఎప్పుడూ దుప్పట్లు, తువ్వాళ్లు, లుంగీలు కొనేది గుత్తికోయలే. వాళ్లు రాలేదు. మూటలు విప్పకుండా తిరిగొచ్చాను. నా లెక్కల పుస్తకంలో ఆ నెల సగం పేజీ ఖాళీగా ఉంది.

ఫిబ్రవరిలో కోతలు మొదలయ్యాక ఒకామె వచ్చింది, వెనక ఒక పిల్లవాడు. అటూ ఇటూ చూసి రెండు తువ్వాళ్లు తీసుకుంది. నేను ధర చెప్పాను. సంతలో ఎవరైనా తగ్గిస్తారని తెలిసే కొంచెం ఎక్కువ చెబుతాం, అది వ్యాపారం. ఆమె బేరమాడలేదు. కొంగు ముడి విప్పి చెప్పినంతా ఇచ్చేసింది. నేను ఇరవై రూపాయలు తిరిగిచ్చాను. ఆమె ఆ నోటును, నన్ను, మళ్లీ నోటును చూసి, ఏదో పొరపాటు జరిగిందనుకున్నట్టు పిల్లవాడి చెయ్యి పట్టుకుని గబగబా వెళ్లిపోయింది.