పొగగొట్టం ఫ్లాషింగ్

కట్టెల పొయ్యి పొగగొట్టం ఇంటికప్పులోంచి పైకి లేచే చోట వాననీరు లోపలికి దిగకుండా చుట్టూ అమర్చే రేకు లేదా రబ్బరు కట్టును ఫ్లాషింగ్ అంటారు. చలికాలంలో ఇల్లు వెచ్చబరచుకోవడానికి ఇనుప పొయ్యిలు వాడే అమెరికా, కెనడా, బ్రిటన్, న్యూజిలాండ్ వంటి దేశాల్లో ఇది ఇంటి నిర్మాణంలో మామూలు భాగం. కప్పుకు బెజ్జం పెట్టడం ఏ ఇంటికైనా ముప్పే. వేడెక్కుతూ చల్లారుతూ ఉండే గొట్టం కోసం పెట్టిన బెజ్జం మరీ మొండిది.

పెంకులు పరిచేవారైనా తాటాకు కప్పేవారైనా పని చూరు దగ్గర మొదలుపెట్టి కొప్పు వైపు పోతారు. పై వరస కింది వరస మీదికి వస్తే నీరు ఎక్కడా ఆగకుండా జారిపోతుంది. ఫ్లాషింగ్‌కూ అదే సూత్రం. దాని అడుగు పళ్లెం ఎగువ అంచు పై పెంకుల కిందికి దూరాలి, దిగువ అంచు కింది పెంకుల మీదికి రావాలి. పెంకులు కదపడానికి బద్ధకించి పళ్లెం మొత్తాన్ని పైనే పరిచి, ఎగువ అంచున తారో సీలెంటో పూస్తే నీరు అక్కడే ఆగి దారి వెతుక్కుంటుంది. ఎండకు పూత పగులుతుంది. ఆ సన్నని పగులు చాలు, ఇల్లు కురవడానికి.

పళ్లెం నడుమ శంకువులా లేచిన రేకు గొట్టాన్ని చుట్టి ఉంటుంది కానీ పట్టుకోదు. మూడు మీటర్ల స్టెయిన్‌లెస్ స్టీలు గొట్టం 200 డిగ్రీల సెల్సియస్ మేర వేడెక్కితే దాదాపు ఒక సెంటీమీటరు సాగుతుంది, పొయ్యి ఆరాక మళ్లీ ముడుచుకుంటుంది. రెండింటినీ కలిపి బిగిస్తే ఈ రోజువారీ కదలికకు మరలు వదులై అతుకు చీలుతుంది. అందుకే శంకువుకూ గొట్టానికీ మధ్య సందు వదిలి, ఆ సందు పైన గొడుగులాంటి రేకు పట్టీని గొట్టానికే బిగిస్తారు. దీని పేరు స్టార్మ్ కాలర్. వేడిని తట్టుకునే సీలెంటు పూయాల్సింది దాని పై అంచు గొట్టాన్ని తాకే చోట. కింది అంచును మూసేస్తే గాలి ఆడే దారి పోతుంది. సరిగ్గా అమర్చితే, గొట్టం వెంట జారివచ్చిన నీటిబొట్టు కాలర్ మీదికి వచ్చి, అంచు దాకా పాకి, శంకువు బయటివైపు రాలుతుంది.

అలల రేకుల కప్పుకు రబ్బరు బూటు నప్పుతుంది. దాని కొనను గొట్టం వెడల్పు కన్నా చిన్నగా కోసి, సబ్బునీళ్లు రాసి కిందికి లాగితే గట్టిగా పట్టుకుంటుంది. బూటు చదరపు అడుగుభాగాన్ని ఒక మూల కొప్పు వైపు చూసేలా తిప్పి బిగించాలి. పైనుంచి వచ్చే నీరు ఆ మూల దగ్గర చీలి రెండు పక్కలకూ పోతుంది. ఈపీడీఎం అనే నల్ల రబ్బరు సుమారు 115 డిగ్రీల వరకే నిరంతర వేడికి ఆగుతుంది. పొగగొట్టానికి వాడాల్సింది సుమారు 200 డిగ్రీలకు తట్టుకునే సిలికోన్ రకం.

బ్రిటన్‌లో ఇటుక చిమ్నీలకు తరతరాలుగా సీసపు రేకే వాడుతున్నారు. సుత్తి దెబ్బకు పెంకు ఒంపులోకి ఒదిగిపోవడం దాని సుగుణం. కానీ ఎండకు సాగి ముడుచుకుంటూ చివరికి పగులుతుంది గనుక ఒక్కో ముక్కను మీటరున్నర పొడవు దాటనివ్వరు.

వానను ఆపే తొందరలో నిప్పును మరవకూడదు. అమెరికాలో అమ్మే పొర గొట్టాలు చాలావాటికి చుట్టూ ఉన్న కలపకు రెండు అంగుళాల ఎడం ఉండాలి. ఆ ఖాళీలో నురుగో దూదో కూరడం ఇంటికి నిప్పు పెట్టడంతో సమానం. గొట్టం ఎత్తుకూ అక్కడ నియమం ఉంది: కప్పును దాటే చోటు నుంచి కనీసం మూడు అడుగులు, పది అడుగుల లోపు ఉన్న దేనికన్నా రెండు అడుగులు ఎక్కువ. మంచు పడే ప్రాంతాల్లో కొప్పుకు దగ్గరగా పెడితే జారే మంచు బరువు గొట్టం మీద అంతగా పడదు.

ఇక తెలుగు పల్లెల్లో పొగ పోయేందుకు పొగగూడు ఉండేది. 1980ల్లో కేంద్ర ప్రభుత్వం పొగలేని పొయ్యిలను ప్రచారం చేసినప్పుడు సిమెంటు గొట్టాలు పెంకుల్లోంచి బయటికొచ్చాయి. పాత సిమెంటు గొట్టాల్లో ఆస్‌బెస్టాస్ ఉండవచ్చు. ఆ పొడి ఊపిరితిత్తులకు హానికరం కాబట్టి వాటిని రంపంతో కోయరాదు.

కప్పులోంచి దిగే ప్రతి చుక్కా వాన కాదు. పచ్చికట్టెలు కాల్చితే పొగలోని ఆవిరి చల్లని గొట్టంలో నీరై, మసితో కలిసి, గోధుమరంగు జిగురుగా కారుతుంది. ఇంట్లోని గొట్టాల్లో పైముక్క కొన కింది ముక్క లోపలికి దూరితే ఆ జిగురు పొయ్యిలోకే పోతుంది.

వాననీరేనా అని తేల్చుకోవాలంటే, పొయ్యి చల్లారాక ఒకరు లోపల నిలబడి పైకప్పు చూస్తుండగా మరొకరు పైపుతో నీళ్లు వదలాలి. ముందు ఫ్లాషింగ్ దిగువ అంచు తడపాలి. కొన్ని నిమిషాలు ఆగి పక్కలు, తర్వాత ఎగువ అంచు, ఆపైన కాలర్, చివరికి గొట్టం కొన మీది టోపీ. ఏ చోట తడిపినప్పుడు లోపల చెమ్మ కనిపించిందో లోపం అక్కడే ఉంటుంది.